స్లో కుక్కర్ క్యాబేజీ చుట్టలు: నీళ్ల కొలత సవరించండి

సంపాదకులకు నమస్కారం.

మీ ఆదివారం అనుబంధంలో, కరెంటు మీద గంటల తరబడి సన్నవేడిలో ఉడికించే స్లో కుక్కర్‌లో చేసే స్టఫ్డ్ క్యాబేజీ (కైమా ముద్ద పెట్టి చుట్టిన క్యాబేజీ ఆకులు) గురించి రాశారు. నూనె తగ్గించారు, బాగుంది. కానీ పచ్చి కైమా, పచ్చి ముడిబియ్యం కలిపి చుట్టి, నాలుగు గ్లాసుల నీళ్లు పోసి, మధ్యమధ్యలో మూత తీసి తిప్పమన్నారు. అలా చేస్తే పులుసు నీళ్లోడుతుంది, బియ్యం పలుకు మిగులుతుంది, చుట్టలు విడిపోతాయి. దయచేసి సవరణ వేయండి.

ఇది తూర్పు ఐరోపా, టర్కీ వైపు వంట. రొమేనియాలో సర్మాలె అంటారు. పంది కైమా, బియ్యం కలిపి, పొగబెట్టిన మాంసం ముక్కలు పొరలుగా వేసి, పైన పుల్లటి మీగడతో వడ్డిస్తారు. అక్కడ చాలాచోట్ల ఆకును ముందే ఉప్పునీటిలో పులియబెడతారు కూడా. బరువంతా ఈ కొవ్వులోనూ, ఉప్పులోనూ ఉంది. స్లో కుక్కర్ దాన్ని తగ్గించదు. వేసిన కొవ్వు వేసినట్టే పులుసు మీద తేలుతుంది. కాబట్టి తగ్గించాల్సింది సరుకులోనే.

3.5 లీటర్ల కుక్కర్‌కి, ఐదుగురికి ఈ లెక్క సరిపోతుంది. చర్మం తీసిన కోడి కైమా 400 గ్రాములు, ముడిబియ్యం 80 గ్రాములు, ఒక ఉల్లిపాయ, ఒక క్యారెట్ తురుము, ఒక గుడ్డు, రెండు చెంచాల అల్లం వెల్లుల్లి ముద్ద, మిరియాల పొడి. ఉప్పు మొత్తం వంటకి ఒక చెంచా, అంతే. మన మార్టేరు స్వర్ణ ముడిబియ్యమైనా పనికొస్తుంది, అయితే విడిగా 15 నిమిషాలు ఉడికించి వార్చాలి. పైన పోసే టమాటా పులుపులో బియ్యం మెత్తబడడం ఆలస్యమవుతుంది, అందుకే పచ్చిది వేయకూడదు. ఉల్లిపాయను రెండు చెంచాల నూనెలో వేయించి చల్లార్చాకే కైమాలో కలపాలి. వేడిది కలిపితే కైమా అక్కడక్కడా ఉడికీ ఉడకకుండా పోతుంది. క్యారెట్ రుచికి కాదు. కొవ్వు లేని కోడి కైమా గట్టిపడకుండా తడి పట్టి ఉంచడానికి.

ఆకు దగ్గరే చాలామంది విసుగెత్తిపోతారు. చలికాలంలో సంతకొచ్చే క్యాబేజీల్లో గట్టి బంతిలా ఉన్నది వద్దు, ఆకులు కాస్త వదులుగా ఉన్న కిలో పావు కాయ తీసుకోండి. అడుగు మొదలును కత్తితో గుంటలా తొలిచి, మరిగే నీళ్లలో బోర్లించి, మెత్తబడిన ఆకునల్లా ఒక్కొక్కటే ఊడదీయాలి. ఒక్కో పొరకి రెండు మూడు నిమిషాలు చాలు. ఇంకో దారీ ఉంది: కాయ మొత్తాన్ని ముందురోజు ఫ్రీజర్‌లో పెట్టి, తరవాత ఫ్రిజ్‌లో కరగనిస్తే ఆకులు ఉడకబెట్టకుండానే వంగుతాయి. ఎలా తీసినా వెనక వైపు లావు ఈనెను ఆకు మందానికి సమంగా చెక్కాలి. చెక్కకపోతే చుట్టేటప్పుడు ఆకు అక్కడే చిట్లుతుంది.

ఒక్కో ఆకులో 50 నుంచి 55 గ్రాముల ముద్ద పెట్టి, ఈనె వైపు నుంచి ఒక మడత వేసి, రెండు పక్కలూ లోపలికి మడిచి చుట్టాలి. లంక పొగాకు చుట్టలా బిగించకండి. బియ్యం ఇంకా ఉబ్బుతుంది, దానికి చోటుండాలి. సుమారు 14 చుట్టలొస్తాయి. అడుగున చిరిగిన ఆకులు పరిచి, చుట్టల అంచు కిందికి పెట్టి రెండు వరసలుగా సర్దండి. కుక్కర్ మూడింట రెండు వంతులకు మించి నిండకూడదు.

నీళ్ల సంగతి. మన ఇగురు కూరలకి అలవాటుపడ్డ చేతికి ఇక్కడే లెక్క తప్పుతుంది. స్లో కుక్కర్ మూత కింద ఆవిరి పెద్దగా బయటికి పోదు, ఇగరడం దాదాపు ఉండదు, పైగా క్యాబేజీ తన నీరు తను వదులుతుంది. 600 గ్రాముల టమాటాలు రుబ్బి, పొయ్యి మీద 450 మిల్లీలీటర్లకు దగ్గరపడనిచ్చి అదే పోయండి. వేరే నీళ్లొద్దు. చివరికి పల్చగా అనిపిస్తే పులుసు ఒక్కటే మూకుట్లోకి వంపి ఇగిరించండి. మీగడ బదులు వడకట్టిన పెరుగు, అదీ వడ్డించేటప్పుడే. గంటల తరబడి ఉడికితే విరిగిపోతుంది. కోనసీమ వాళ్ల చెయ్యి కొబ్బరిపాల వైపు పోతుందని తెలుసు, రుచి అమోఘమే, కానీ తగ్గించిన సంతృప్త కొవ్వు ఆ దారినే తిరిగొస్తుంది.

వేడి మాట. మొదటి గంట ‘హై’ (ఎక్కువ వేడి) మీద, తరవాత నాలుగైదు గంటలు ‘లో’ (తక్కువ వేడి) మీద. ఫ్రీజర్ నుంచి తీసిన గడ్డ కైమా వాడకూడదు. సర్దిన గిన్నెను రాత్రంతా ఫ్రిజ్‌లో ఉంచి పొద్దున్నే పెట్టడమూ మంచిది కాదు, చల్లటి పింగాణీ వేడెక్కేసరికి చాలా సేపు పడుతుంది, పగలనూవచ్చు. మూత తీసిన ప్రతిసారీ ఇంకో 20, 30 నిమిషాలు కలపాలి. నడిమి చుట్ట లోపల 74 డిగ్రీల సెల్సియస్ చేరాలి, రంగు చూసి నమ్మకండి, వంట థర్మామీటర్ కొనుక్కోండి. 200 వాట్ల కుక్కర్ ఆరు గంటలకు 1.2 యూనిట్లు దాటదు, బిల్లు భయం అక్కర్లేదు. భయమల్లా కరెంటు పోతేనే. డిజిటల్ రకాలు చాలావరకు కరెంటు వచ్చినా మళ్లీ మొదలవ్వవు. ఇంట్లో ఉంటే వెంటనే వేరే గిన్నెలోకి తీసి గ్యాస్ మీద పెట్టండి. లేనప్పుడు పోయి, ఎంతసేపు పోయిందో తెలియకపోతే పారబోయడమే.

శాకాహారులకు మీరు రాజ్మా సూచించారు. ఇది ప్రమాదం. నానబెట్టిన రాజ్మాను వేరే నీళ్లలో కనీసం 10 నిమిషాలు తెర్ల మరిగించకపోతే అందులోని విషపదార్థం పోదు, స్లో కుక్కర్‌లో ‘లో’ మీద వచ్చే వేడి దానికి చాలదు. తిన్న కొద్ది గంటల్లోనే వాంతులు పట్టుకుంటాయి. ముందే ప్రెషర్ కుక్కర్‌లో ఉడికించిన శనగలో, పుట్టగొడుగులో వాడండి.

విటమిన్ సి ఇంతసేపు ఉడికితే చాలావరకు పోతుంది, పక్కన పచ్చి కీరా, నిమ్మ పెట్టుకోవాలి. రక్తం గడ్డకట్టకుండా వార్ఫరిన్ మాత్రలు వేసుకునేవారు క్యాబేజీ ఒక్కసారిగా పెంచకూడదు, అందులో ఉన్న విటమిన్ కె ఆ మందు పనిని తగ్గిస్తుంది.

మిగిలినవి మన ఉక్కలో బయట ఉంచొద్దు. అన్నంలో ఉండే బాసిల్లస్ సెరియస్ అనే బాక్టీరియా బీజాలు ఉడికినా చావవు. రెండు గంటల్లోపు ఫ్రిజ్‌లో పెట్టి, మర్నాడు పొయ్యి మీదే పొగలొచ్చేదాకా వేడిచేయండి, స్లో కుక్కర్‌లో కాదు.

ఇట్లు,
ఒక పాఠకురాలు,
పాలకొల్లు