నాద ఫలకాలు మా దగ్గర దొరకవు

హనుమకొండ, కాజీపేట, పరకాల, జనగామ వైపు మా చేత ఎకో తగ్గించే పని చేయించుకున్న వాళ్లకూ, అడ్వాన్సు ఇచ్చి ఎదురుచూస్తున్న వాళ్లకూ ఈ సంగతి నా నోటితోనే చెప్పాలి. మోతను తాగే గ్లాస్ వూల్ (గాజు పోగుల) బోర్డులు పంపే పాత సప్లయర్‌తో మాకు తెగిపోయింది. దసరా లోపు అవుతాయన్న ఫంక్షన్ హాళ్ల పనులు దీపావళి దాటుతాయి. ట్యూషన్ సెంటర్లకు, ఇళ్లలోని థియేటర్ గదులకు సరిపడా సరుకు ఉంది. వాటికి ఆలస్యం లేదు.

తెగింది రేటు దగ్గర కాదు. ఆయన కొత్తగా ‘నాద ఫలకాలు’ అని ప్లాస్టర్ పలకలు తెచ్చాడు. అచ్చులో పోసి ఆరేటప్పుడు ఒక స్వరం వినిపిస్తారట. లోపలి ఇసుక రేణువులు ఆ స్వరానికి తగ్గట్టు వరుసలో కుదురుతాయట. ఆ పలకలు నాలుగు మూలలా పెడితే హాలే శబ్దాన్ని సరిచేసుకుంటుందట. ఇకపై బోర్డులు కావాలంటే ఈ పలకలు కూడా తీసుకుని అమ్మాలన్నాడు.

ఇందులో కొంత నిజం ఉంది, చిక్కు అక్కడే. సన్నటి రేకు మీద ఇసుక చల్లి కంపింపజేస్తే, కదలని గీతల వెంట ఇసుక ముగ్గులా చేరుతుంది. జర్మనీకి చెందిన క్లాడ్నీ 1787లోనే దీన్ని పుస్తకంగా అచ్చువేశాడు. కానీ ఆ ముగ్గు ఆ రేకు ఎలా కంపిస్తోందో చూపిస్తుంది, అంతే. గదిలో మోతను తాగే గుణం వేరే చోట నుంచి వస్తుంది. గ్లాస్ వూల్ పోగుల సందుల్లోకి గాలి కదలిక దూరి, రాపిడికి వేడిగా మారిపోతుంది. గట్టి ప్లాస్టర్‌లో ఆ సందులు లేవు. రేణువులు ఏ వరుసలో ఉన్నా శబ్దం తగిలి వెనక్కే వస్తుంది. అయినా సరే అని శాంపిల్ పలకలు మా షెడ్డులో బిగించి బెలూన్లు పగలగొట్టి రికార్డు చేశాను. పలకలు ఉన్నా, తీసేసినా మోత ఆగే సమయం ఒక్కటే.

లెక్క కూడా చెబుతాను, ఎందుకంటే మీరు డబ్బు పెట్టేది దీని మీదే. 20 మీటర్ల పొడవు, 12 వెడల్పు, 5 ఎత్తు ఉన్న హాలు అనుకోండి. సిమెంటు గోడలు, టైల్స్ నేల. ఖాళీగా ఉన్నప్పుడు చప్పట్లు కొడితే ఆ మోత పూర్తిగా అణగడానికి సుమారు 6 సెకన్లు పడుతుంది. మైకులో మాట అర్థం కావాలంటే 1.5 సెకన్లకు దించాలి. దానికి సుమారు 110 చదరపు మీటర్ల మంచి బోర్డు కావాలి. ఈ లెక్క నాది కాదు. 1895లో హార్వర్డ్‌లో మాట వినపడని ఒక లెక్చర్ హాలును బాగుచేయమంటే, సబీన్ అనే ప్రొఫెసర్ పక్క థియేటర్ నుంచి కుర్చీల మెత్తలు మోయించి, ఆర్గన్ గొట్టం ఊది, స్టాప్‌వాచ్‌తో కొలిచి తేల్చిన సూత్రం. నాలుగు మూలల నాలుగు పలకలు ఆ 110 చదరపు మీటర్లకు బదులు కావు.

సప్లయర్ మనిషి రామప్ప గుడిని కూడా మధ్యలోకి లాగాడు. కాకతీయులకు ఈ శాస్త్రం తెలుసన్నాడు. ఇది నాకు చాలా బాధ కలిగించింది. 1213 నాటి ఆ గుడిలో తడితే సరిగమలు పలుకుతుందని చూపించే వేణుగోపాలుడి శిల్పం మన అందరికీ తెలుసు. రాయి పలికిందంటే అది శబ్దాన్ని మింగలేదనే కదా అర్థం! హాలు గోడలన్నీ అలా పలికితే పెళ్లిలో పంతులుగారి మంత్రం ఒక్క ముక్క వినపడదు. గోల్కొండ ఫతే దర్వాజా దగ్గర కొట్టిన చప్పట్లు బాలాహిస్సార్‌లో వినపడేది కప్పు ఆకారం వల్ల. ఆ కట్టిన వాళ్ల పనితనాన్ని ప్లాస్టర్ పలక అమ్ముకోవడానికి వాడుకోవడం నాకు నచ్చలేదు. నేను ఇవన్నీ అడిగితే, మా పనివాళ్ల ముందే, “చిన్న ఊరి డీలర్లకు సైన్స్ ఏం తెలుస్తుంది” అన్నాడు.

అయినా ఆ రోజే కాదనలేకపోయాను. సీజన్ ముందు బోర్డులు ఆగితే జీతాలకు టెన్షన్. మా తమ్ముడు, “అడిగిన వాళ్లకే అమ్ముదాం, మనం చెప్పి అమ్మొద్దు” అన్నాడు. ఆ మాట నన్ను బాగా ఊగించింది, చాలా రాత్రులు నిద్ర పట్టలేదు. అడిగేవాళ్లు నిజంగానే ఉన్నారు, వీడియోలు చూసి ఫోన్లు చేస్తున్నారు. కానీ పలకల మీద ఖర్చు పెట్టిన ఓనరు బోర్డులు తగ్గించమంటాడు. హాలు మోగుతుంది. అప్పుడు ఫోన్ వచ్చేది నాకే, పోయేది మా పేరే. వద్దని చెప్పేశాను. వాళ్లు పిలిచి బతిమాలినా మళ్లీ వెళ్లను.

ఇప్పుడు వేరే చోట నుంచి 50 మిల్లీమీటర్ల మందం, ఘనమీటరుకు 48 కిలోల సాంద్రత ఉన్న బోర్డులే వస్తున్నాయి. ప్రతి లోడూ దింపగానే తూకం వేసి చూస్తున్నాను, కావాలంటే మీరూ వచ్చి నిలబడండి. కొత్త సరుకు రేటు ఎక్కువే, కానీ కొటేషన్ తీసుకున్న వాళ్లకు పాత రేటే. ఆగలేనివాళ్లు అడ్వాన్సు వెనక్కి తీసుకోవచ్చు, మొహమాటం అక్కర్లేదు. పాత పనుల గ్యారంటీ అలాగే ఉంటుంది. కొత్తగా హాలు కడుతున్నవాళ్లు మాత్రం స్లాబ్ సెంట్రింగ్ కొట్టకముందే ప్లాన్ చూపించండి, కప్పు ఎత్తు అప్పుడైతేనే మార్చగలం.