విదేశీ చిత్రాల టికెట్టు డబ్బు ఎటు పోవాలి?

సంపాదకులకు,

విదేశీ చిత్రాల దిగుమతి ప్రస్తావన వచ్చినప్పుడల్లా అవి స్వదేశీ సినిమాను మింగేస్తాయన్న భయమో, ప్రేక్షకుడి ఇష్టానికి ఎవరూ అడ్డు చెప్పరాదన్న వాదనో వినిపిస్తుంది. థియేటర్లు ఎవరి చేతుల్లో ఉన్నాయి, వసూలైన డబ్బు ఎక్కడికి చేరుతోంది అన్న ప్రశ్నలను మాత్రం ఇరుపక్షాలూ దాటవేస్తున్నాయి.

ఈ విషయంలో ఫ్రాన్స్ అనుభవం గమనించదగినది. జర్మన్ ఆక్రమణ కాలంలో నిషేధానికి గురైన అమెరికన్ చిత్రాలు యుద్ధం ముగిశాక అక్కడ ఒక్కసారిగా వచ్చిపడ్డాయి. 1946లో అమెరికాతో కుదిరిన బ్లమ్-బర్న్స్ ఒప్పందం థియేటర్లలో ఫ్రెంచి చిత్రాలకు ప్రతి మూడు నెలల్లో నాలుగు వారాలే కేటాయించడంతో, 1948 జనవరిలో సినీ కార్మికులు, నటులు పారిస్ వీధుల్లోకి వచ్చి నిరసన తెలిపారు. వారి ఆగ్రహం న్యాయమైనదే. అయినా హిచ్‌కాక్, హాక్స్ వంటి హాలీవుడ్ దర్శకుల చిత్రాలను మళ్లీ మళ్లీ చూసి, ఒక్కొక్క దృశ్యం గురించీ వాదించుకున్న త్రుఫో, గొదార్ వంటి యువ విమర్శకులే ఆ తర్వాతి దశాబ్దం చివరికి ఫ్రెంచి సినిమా రూపురేఖలను మార్చారు. ఇదంతా హాలీవుడ్ చలవేనని మాత్రం అనలేం; వివిధ దేశాల చిత్రాలనూ పాత మూకీలనూ లాంగ్లోవా అనే చిత్ర సేకర్త పారిస్‌లోని తన సినిమా భాండాగారమైన సినిమాతెక్‌లో ప్రదర్శించకపోతే, వారికి పోల్చి చూసుకునే అవకాశమే ఉండేది కాదు.

అదే 1948లో ఫ్రాన్స్ టికెట్టుపై అదనపు పన్ను విధించి, ఆ నిధిని స్వదేశీ సినిమాకు మళ్లించింది. నేటికీ కొనసాగుతున్న ఈ పన్ను రేటు ఇప్పుడు 10.72 శాతం. విదేశీ చిత్రం ఎంత బాగా ఆడితే ఆ నిధికి అంత జమ అవుతుంది కనుక, స్వదేశీ పరిశ్రమకు దాన్ని శత్రువుగా చూడవలసిన అవసరం తగ్గింది.

బ్రిటన్ 1927 చట్టంతో స్వదేశీ చిత్రాలకు కోటా మాత్రమే పెట్టింది. నాణ్యతకు గానీ ఖర్చుకు గానీ కనీస షరతు లేకపోవడంతో, లెక్క పూర్తి చేయడానికి హడావుడిగా, చవకగా తీసిన ‘కోటా క్వికీలు’ పుట్టుకొచ్చాయి. వాటిలో అనేకం అమెరికన్ సంస్థల సొమ్ముతోనే తయారయ్యాయన్నది ఆ చట్టం చూసిన విచిత్రం. కనీస వ్యయ నిబంధన 1938లో గానీ రాలేదు.

ఓటీటీలకూ ఇప్పుడు ఇదే ప్రశ్న ఎదురవుతోంది. ఐరోపా సమాఖ్య 2018 నిబంధనల ప్రకారం వాటి జాబితాలో కనీసం 30 శాతం ఐరోపా చిత్రాలు, కార్యక్రమాలు ఉండాలి. ఫ్రాన్స్ అంతటితో ఆగక, ఆ దేశంలో వచ్చే ఆదాయంలో కనీసం 20 శాతాన్ని ఐరోపా, ఫ్రెంచి నిర్మాణాలపై పెట్టాలని 2021 నుంచి పెద్ద విదేశీ సంస్థలను కోరుతోంది. దిగుమతి విధానం గురించి ఆలోచించే ఏ ప్రభుత్వమైనా ఈ రెండింటిలో రెండో నిబంధనను ముందుగా పరిశీలించాలని నా విన్నపం.

భవదీయుడు,
ఒక పాఠకుడు