టైటస్ సాల్ట్ కథలో కార్మికులు ఏరి?

ఇంగ్లండ్‌లోని బ్రాడ్‌ఫర్డ్ మిల్లు యజమాని సర్ టైటస్ సాల్ట్ (1803–1876)పై మీ ఆదివారం అనుబంధంలో వచ్చిన వ్యాసం ఆయన దానగుణాన్ని పొగడటంతోనే సరిపెట్టి, ఆ దానం ఏ షరతులతో అందిందో చెప్పకుండా వదిలేసింది. 1848లో మేయరైన సాల్ట్, ఆ మరుసటి ఏడాదే కలరా విరుచుకుపడిన ఆ పొగచూరిన నగరానికి వెలుపల, ఏర్ నది ఒడ్డున 1853లో కొత్త మిల్లు తెరిచి, క్రమంగా దాని పక్కన ఎనిమిది వందలకు పైగా రాతి ఇళ్లు, బడి, ఆసుపత్రి, స్నానశాలలు, వృద్ధులకు నివాసాలు కట్టించి, సాల్టైర్ అనే ఊరినే వెలయించిన మాట నిజమే. ఆనాటి బ్రాడ్‌ఫర్డ్ మురికివాడలను తలచుకుంటే అది చిన్న మేలు కాదు. అయితే ఆ ఇళ్లన్నీ యజమానివే, మద్యం దుకాణానికి ఊళ్లో చోటే లేదు, పిల్లలు సగం పూట బడిలో, సగం పూట మిల్లులో గడిపేవారు. సాల్టైర్ వీధుల్లో నడిచినప్పుడు నాకు కొట్టొచ్చినట్టు కనిపించింది అంతస్తుల తేడా: మేస్త్రీల ఇళ్లు పెద్దవి, మామూలు కార్మికులవి చిన్నవి, వీధులకేమో ఆయన భార్యాపిల్లల పేర్లు. (ఆయన బతికుండగానే, 1874లో, బ్రాడ్‌ఫర్డ్‌లో ఆయన విగ్రహం కూడా వెలిసింది.) 2001లో యునెస్కో వారసత్వ గుర్తింపు పొందిన ఈ ఊరిలో కూలి, అద్దె, పనిగంటలు, బాలల శ్రమ ఎలా ఉండేవో వివరిస్తూ మీరు రెండో వ్యాసం ప్రచురించాలి, ఇకపై ఏ దాత జీవితచిత్రణ వేసినా, ఆయన సంపదను పండించినవారి గురించి కనీసం ఒక పేరా ఉండేలా చూడాలి.

— ఒక పాఠకుడు, లీడ్స్