తంగేడు పిచ్చి మొక్క కాదు: అటవీ శాఖ మంత్రి గారికి ఒక బహిరంగ లేఖ

గౌరవనీయులైన తెలంగాణ రాష్ట్ర అటవీ, పర్యావరణ శాఖ మంత్రి గారికి నమస్కరించి రాయునది.

తంగేడు కోసం ఏడాది కాలంలో మూడు అర్జీలు పెట్టుకున్నాను. మొదటిదానికి రసీదు ఇచ్చారు, రెండోది వేరే శాఖకు పంపామన్నారు, మూడోది ఎవరి బల్ల మీద ఉందో చెప్పేవారే లేరు. పదవీ విరమణ చేసిన ఉపాధ్యాయురాలిని. కార్యాలయాల మెట్లు ఎక్కి దిగే ఓపిక తగ్గింది కానీ బాధ తగ్గలేదు. అందుకే ఈసారి పదిమందీ చదివేలా మీకే రాస్తున్నాను.

మా ఊరి నుంచి చెరువు కట్ట దాకా కిలోమీటరున్నర మట్టి బాట ఉంది. దానికి రెండు వైపులా, పక్కనున్న బంచరాయి (ఊరి బీడు భూమి)లోనూ ఎవరూ నాటని, ఎవరూ చెంబెడు నీళ్లు పోయని తంగేడు పొదలు మొరం నేలను పట్టుకుని బతికేవి. నేను ఈ ఊరికి కాపురానికి వచ్చిన నాటి నుంచి బతుకమ్మ మొదలయ్యే పెత్రమాస పొద్దున మేమంతా గంపలు పట్టుకుని ఆ బాట మీదే పువ్వుకు వెళ్లేవాళ్లం. కరువొచ్చి చెరువు ఎండిన ఏడు కూడా తంగేడు పూయడం మానలేదు.

గత శ్రావణ మాసంలో, వన మహోత్సవం మొక్కలు నాటడానికి బాట పక్కన చదును చేయాలంటూ జేసీబీ వచ్చింది. అప్పటికే పొదలన్నీ మొగ్గ తొడిగి ఉన్నాయి. నేను పరుగున వెళ్లి, ఇది మన రాష్ట్ర పుష్పమని, ఇంకో నెల ఆగితే పండుగ వస్తుందని బతిమాలితే, "పిచ్చి మొక్కలమ్మా, తీసేసి మంచి చెట్లు పెడుతున్నాం" అన్నారు. ఆ మాట అన్న ఉద్యోగి మీద నాకు కోపం లేదు, ఎందుకంటే ఆయన చేతిలోని మొక్కల పట్టికలో తంగేడు పేరే లేదు. రెండు పూటల్లో బాట రెండు వైపులా ఎర్రటి మన్ను తప్ప ఏమీ మిగలలేదు.

ఆ తర్వాత గుంతలు తీశారు, మొక్కలు పెట్టారు, చుట్టూ ముళ్లకంప కట్టారు. చలికాలంలో మేకలు కంప దాటి సగం కొరికేశాయి, ఎండలు ముదిరాక నీళ్ల ట్యాంకరు రాక మిగతావి మాడిపోయాయి. పశువులు ముట్టని, నీళ్లు అడగని తంగేడును తీసి, కంచె లేనిదే, నీళ్లు లేనిదే బతకని మొక్కను అదే మొరంలో పెట్టడం పచ్చదనం ఎలా అవుతుందో దయచేసి ఆలోచించండి. హరితహారం మొక్కల పెంపకంలో రోడ్ల పొడవునా కోనోకార్పస్ అనే విదేశీ మొక్కను నాటి, తర్వాత దాన్ని నాటవద్దని ప్రభుత్వమే చెప్పవలసి వచ్చిన సంగతి మీకు తెలియనిది కాదు.

ఆ ఏడు ఎంగిలిపూల బతుకమ్మకు మా వాడలో సగం మంది గునుగు, బంతి పూలతోనే సరిపెట్టుకున్నారు. ఆటోలో తెచ్చి గుప్పెడు తంగేడు 20 రూపాయలకు అమ్మిన మనిషిని అడిగితే, ఎక్కడో దూరాన ఉన్న గుట్ట మీద కొమ్మలతో సహా నరికి తెచ్చానన్నాడు. అంటే మా బాట మీద పోయిన పువ్వు కోసం ఇంకో ఊరి గుట్ట బోడి అవుతున్నది. డెబ్బై ఏళ్లు దాటిన మా పొరుగింటి పెద్దమ్మ, పసుపు పువ్వు లేని తాంబాలం ముందు కూర్చుని చాలాసేపు పేర్చడం మొదలుపెట్టలేదు. ఆ దృశ్యం నేను మరచిపోలేకపోతున్నాను.

బతుకమ్మకు మాత్రమే పనికొచ్చే చెట్టు కాదు ఇది. తంగేడు చెక్క, అంటే బెరడు, లేనిదే ఒకప్పుడు లందలలో (తోలు నానబెట్టే తొట్లలో) తోలు ఊనేది కాదు. అలా ఊనిన తోలుతోనే మా ప్రాంతంలో మోట బొక్కెనలు, చెప్పులు తయారయ్యాయి. రొట్ట కోసి పొలంలో తొక్కితే అదే ఎరువు. మా తాతల పొద్దు తంగేడు పుల్లతో పళ్లు తోముకోవడంతో మొదలయ్యేది. పూసే రోజుల్లో ఆ బాట మీద నిలబడితే నల్లటి పెద్ద తుమ్మెదలు పువ్వును పట్టుకుని ఝుమ్మని రెక్కలాడించి పుప్పొడి రాల్చుకునే చప్పుడు వినిపించేది, ఆకుల మీద గుడ్లు పెట్టే లేత రంగు సీతాకోకచిలుకలు గుంపులుగా తిరిగేవి. బంచరాయి అంటే ఏమీ లేని భూమి అని రికార్డులలో రాసుకున్నంత మాత్రాన అక్కడ ఏమీ లేకుండా పోదు.

2014లో జమ్మి, పాలపిట్ట, జింకతో పాటు తంగేడును రాష్ట్ర చిహ్నంగా ప్రకటించినప్పుడు బడిలో పిల్లలకు పువ్వు చూపించి పాఠం చెప్పాను. 2025లో సరూర్‌నగర్ స్టేడియంలో 63 అడుగుల బతుకమ్మను పేర్చినప్పుడు టీవీ ముందు కూర్చుని గర్వపడ్డాను. అంత ఎత్తు బతుకమ్మను పేర్చుకునే రాష్ట్రంలో, ఆ పువ్వు సొంతంగా మొలిచే నేలను కాపాడుకోలేమా?

నేను కోరేది పెద్ద నిధులు కాదు. నర్సరీల పట్టికలో తంగేడు పేరు చేర్చండి. రోడ్ల పక్కన, చెరువు శిఖం భూములలో, గుట్టల మీద ఉన్న పొదలను చదును పేరుతో తీయవద్దని రాతపూర్వకంగా ఆదేశాలు ఇవ్వండి. తప్పనిసరిగా తీయవలసి వస్తే కనీసం పండుగ అయ్యేదాకా, కాయ ఎండి గింజ రాలేదాకా ఆగమని చెప్పండి. నా మూడు అర్జీలలో ఒక్కదానికైనా జవాబు ఇప్పించండి.

పొలం గట్ల మీద మిగిలిన పొదల నుంచి కాయలు కోసి అరకిలో దాకా గింజలు దాచి ఉంచాను. తోలు గట్టిది కనుక వేడి నీళ్లలో నానబెట్టి పెడితే బాగా మొలుస్తాయి. నర్సరీకి తీసుకువెళితే పట్టికలో లేవని తిప్పి పంపారు. ఆ గింజలు మా ఇంట్లో డబ్బాలో అలాగే ఉన్నాయి. తొలకరి లోపల మీరు ఎవరిని పంపినా వారి చేతికి ఇస్తాను.

ఇట్లు,
మీ విధేయురాలు,
పదవీ విరమణ చేసిన ఒక పల్లెటూరి ఉపాధ్యాయురాలు