వరద్కర్ ఎదుగుదల వెనుక ఓట్ల లెక్క

సంపాదకులకు,

ఐర్లండ్ మాజీ ప్రధాని లియో వరద్కర్ ప్రస్తావన వస్తే చాలు, మన పత్రికలు ఆయన తండ్రి ముంబయి నుంచి వెళ్లారన్న ముక్క దగ్గరే ఆగిపోతున్నాయి. ఆయన గద్దెనెక్కిన తీరుకు పుట్టుకతో సంబంధం తక్కువ. పార్టీ నియమావళి, ఓట్ల లెక్కింపు చూస్తే తప్ప ఆ ప్రయాణం అంతుపట్టదు.

1999 స్థానిక ఎన్నికల్లో ఇరవయ్యేళ్లకే నిలబడి ఓడారు. 2003లో డబ్లిన్ ప్రాంతపు స్థానిక సంస్థ ఫింగల్ కౌన్సిల్‌లోకి కో-ఆప్షన్ మీద, అంటే ఎన్నిక లేకుండా ఖాళీ సీటులోకి వచ్చారు. మరుసటి ఏడు స్థానిక ఎన్నికల్లో 4,894 తొలి ప్రాధాన్య ఓట్లు తెచ్చుకున్నారు. ఆ ఎన్నికల్లో దేశం మొత్తం మీద అవే అత్యధికం. 2007లో డబ్లిన్ వెస్ట్ నుంచి పార్లమెంటుకు, 2011లో మంత్రివర్గంలోకి.

అసలు సంగతి 2017లో ఆయన పార్టీ ఫిన గేల్ నాయకత్వ పోటీలో ఉంది. సాధారణ సభ్యుల్లో 65 శాతం మంది ప్రత్యర్థి సైమన్ కోవ్‌నీకే ఓటేశారు. అయినా గెలిచి ప్రధాని అయింది వరద్కరే. ఎందుకంటే ఆ పార్టీలో పార్లమెంటు సభ్యుల ఓటు విలువ 65 శాతం, కార్యకర్తలది 25, కౌన్సిలర్లది 10. పార్లమెంటు పక్షంలో ఆయనకు 51, కోవ్‌నీకి 22 పడ్డాయి. మొత్తం కలిపితే 60–40 శాతం. కింది శ్రేణుల మనసు ఒకటి, ఫలితం మరొకటి!

2020 పార్లమెంటు ఎన్నికల ఫలితం అర్థం కావాలంటే బదిలీ ఓట్లు తెలియాలి. మన పట్టభద్రుల ఎమ్మెల్సీ లెక్కింపు గమనించినవారికి ఇది కొత్త కాదు. కాకపోతే అక్కడ ఒక్కో నియోజకవర్గానికి మూడు నుంచి ఐదు సీట్లు. చెల్లిన ఓట్లను సీట్ల సంఖ్య కంటే ఒకటి ఎక్కువతో భాగించి, వచ్చినదానికి ఒకటి కలిపితే కోటా. నాలుగు సీట్లున్నచోట 40,000 ఓట్లు చెల్లితే కోటా 8,001. అది దాటినవారి మిగులు ఓట్లు, ఎలిమినేట్ అయినవారి ఓట్లు తర్వాతి ప్రాధాన్యం ప్రకారం మిగతావారికి చేరతాయి. నాలుగు సీట్ల డబ్లిన్ వెస్ట్‌లో సిట్టింగ్ ప్రధాని వరద్కర్‌కు వచ్చిన తొలి ప్రాధాన్య ఓట్లు సుమారు 19 శాతం. కోటా 20 శాతం. ఆ కాస్త లోటు పూడటానికే ఐదో రౌండు దాకా ఆగాల్సి వచ్చింది. ప్రత్యర్థి పార్టీ షిన్ ఫేన్ అభ్యర్థి మాత్రం మొదటి రౌండులోనే గట్టెక్కారు.

ఆ పార్టీ చేసిన పొరపాటూ చెప్పుకోదగ్గదే. అన్ని పార్టీల కంటే ఎక్కువగా 24.5 శాతం ఓట్లు వచ్చినా, నిలబెట్టింది 42 మందినే. 37 మంది గెలిచారు. చాలాచోట్ల రెండో అభ్యర్థి లేక మిగులు ఓట్లు ఇతర పార్టీలకు పోయాయి. 38 సీట్లతో ఫియనా ఫాల్ పార్టీ ముందుంది. 35 సీట్ల ఫిన గేల్, గ్రీన్ పార్టీ దానితో కలిసి ప్రభుత్వం ఏర్పాటు చేశాయి. ఒప్పందం ప్రకారం మొదట ఫియనా ఫాల్ నేత మీహాల్ మార్టిన్ ప్రధాని, 2022 డిసెంబరు 17 నుంచి మళ్లీ వరద్కర్.

2024 మార్చి 8న రాజ్యాంగ సవరణలపై జరిగిన రెఫరెండాలు రెండూ వీగిపోయాయి. కుటుంబ నిర్వచనాన్ని మార్చే సవరణను సుమారు 68 శాతం, సంరక్షణ బాధ్యతల సవరణను 74 శాతం తిరస్కరించారు. పన్నెండు రోజులకు వరద్కర్ తప్పుకుంటున్నట్టు ప్రకటించారు. ఈసారి సైమన్ హారిస్ ఒక్కరే బరిలో ఉండటంతో పార్టీలో ఓటింగే జరగలేదు. ఏప్రిల్ 9న పార్లమెంటు 88–69 ఓట్లతో ఆయన్ను ప్రధానిగా ఎన్నుకుంది.

– ఒక పాఠకుడు