బియ్యం ఇచ్చే ఫొటోలు వద్దు

సంపాదకులకు నమస్కారం.

మొన్న మీ జిల్లా పేజీలో, పేదలకు సాయం చేసే కతోలిక సంఘం విన్సెంట్ డి పాల్ సభ బియ్యం పంపిణీ వార్త చదివాను. ఆ సభను పునీత విన్సెంట్ డి పాల్ గారే స్థాపించారని రాశారు. ఆయన 1660లోనే కన్నుమూశారు. సభ పుట్టింది 1833 ఏప్రిల్ 23న, పారిస్‌లో. పెట్టింది గురువులు (చర్చి ఫాదర్లు) కాదు, చదువుకునే కుర్రాళ్లు. ఆయనది పేరు మాత్రమే.

వాళ్లలో ముఖ్యుడు ఫ్రెడరిక్ ఓజనాం. లా చదువుతున్నాడు. సరిగ్గా ఆ రోజుకు ఇరవై ఏళ్లు నిండాయి. మీ చర్చి ఒకప్పుడు చేసిన గొప్పలు సరే, ఇప్పుడు మీరేం చేస్తున్నారని చర్చావేదికలో తోటి విద్యార్థులు నిలదీశారట. అంతకుముందు ఏడాదే కలరా పారిస్‌ను కుదిపేసింది. మాట పడ్డ కుర్రాళ్లు బాయీ అనే సంపాదకుడి పత్రికాఫీసులో కూడారు. (పత్రికాఫీసులో పుట్టిన సభ కాబట్టే మీకు చనువుగా రాస్తున్నాను.) చేతిలో డబ్బు లేదు. పేదవాడల్లో పనిచేసే సిస్టర్ రోసలీ వాళ్లకు రొట్టె చీటీలు అప్పిచ్చి, తనకు తెలిసిన ఇళ్లకు పంపింది. పేదల్ని గుడి దగ్గరికి పిలిపించుకోవడం కాదు, మనమే గడప తొక్కాలి. సభ పద్ధతి అదే. ఓజనాం నలభై ఏళ్లకే పోయాడు. భార్యా, కూతురూ ఉన్న సంసారి.

మా విచారణలోనూ (చర్చి పరిధిలోనూ) సభ సభ్యులం ఇద్దరిద్దరం కలిసే పేదల ఇళ్లకు వెళ్తాం. సమావేశం చివర గుడ్డ సంచి ఒకటి తిరుగుతుంది. గుప్పిట మూసి లోపల పెట్టి, మూసే బయటికి తీస్తాం. ఎవరెంత వేశారో పక్కవాడికి తెలియదు. జేబులో రూపాయి లేనివాడి గుట్టూ బయటపడదు.

ఇచ్చేవాడి పరువును ఇంత జాగ్రత్తగా కాపాడేవాళ్లం, పుచ్చుకునే మనిషిని మాత్రం కెమెరా ముందు నిలబెడుతున్నాం. మీ ఫొటోలో పాతిక కిలోల బస్తాకు ఆరు చేతులు! వెనక ఆ ముసలమ్మ కొంగు మొహానికి అడ్డం పెట్టుకుంది. ఆమె మనవరాలు బడిలో ఆ పేపరు చూడదా? తప్పు మీ ఒక్కరిదే అనను, ఫొటో పంపింది మావాళ్లే. సభ్యుల మధ్య ఈ మాట తెచ్చాను, కొందరికి కోపం వచ్చింది. ఫొటో లేకపోతే దాతలు నమ్మరని వాళ్ల వాదన. నమ్మకం కావాలంటే కొట్టు బిల్లులున్నాయి, జమాఖర్చుల పుస్తకం ఉంది. మీ విలేకరి ఎప్పుడొచ్చినా చూపిస్తాం.

కాబట్టి ఇలాంటి వార్తలు వేయండి, పుచ్చుకునేవారి మొహాలు వేయకండి. స్థాపన సంగతి కూడా వీలైతే సవరించండి.

– విశ్రాంత ఉపాధ్యాయుడు, ఫిరంగిపురం