ఆ పేరులేని ‘మేయరు’ త్యాగరాయ చెట్టిగారు

సంపాదకుల వారికి నమస్కారాలు.

మధ్యాహ్న భోజన పథకంపై మీ ఆదివారం అనుబంధంలో వచ్చిన వ్యాసానికి సవరణ వస్తుందేమోనని ఇన్నాళ్లు ఎదురుచూసి, ఆ జాడ కనిపించకపోవడంతో ఈ లేఖ రాస్తున్నాను. కామరాజ్‌కు ఒక పేరా, ఎం.జి.ఆర్.కు రెండు పేరాలు, నేటి మంత్రివర్యులకు ఫొటోతో సహా అర పేజీ కేటాయించిన వ్యాసకర్త, ఈ పనికి శ్రీకారం చుట్టిన మనిషిని మాత్రం ‘అప్పటి మద్రాసు మేయరు ఒకరు’ అని ఒక్క ముక్కలో తేల్చేశారు. ఆ ‘ఒకరు’ సర్ పిట్టి త్యాగరాయ చెట్టిగారు. పైగా ఆయన మేయరూ కారు. మద్రాసులో మేయరు పదవి ఏర్పడింది 1933లో. కార్పొరేషన్ అధ్యక్షులుగా పనిచేసిన చెట్టిగారు 1925లోనే కన్నుమూశారు.

థౌజండ్ లైట్స్ ప్రాంతంలోని కార్పొరేషన్ బడికి వచ్చేది నిరుపేదల పిల్లలనీ, బడిలో సంఖ్య పెరగకపోవడానికి ఆ పేదరికమే కారణమనీ గుర్తించి, ఒక్కొక్కరికి రోజుకు అణాకు మించకుండా ఖర్చుచేసి ఫలహారం పెట్టేందుకు 1920 సెప్టెంబరులో ఆయన కౌన్సిల్ చేత తీర్మానం చేయించారు. తర్వాత మరికొన్ని బడులకూ విస్తరించిన ఈ ఏర్పాటు, ప్రాథమిక విద్యా నిధిని తిండికి వాడకూడదని ప్రభుత్వం అడ్డుచెప్పడంతో 1925లో ఆగిపోయింది. నిబంధన పేరుతో పిల్లల నోటికాడి ముద్ద లాగేసే విద్య మన అధికారులు కొత్తగా నేర్చింది కాదన్నమాట!

తెలుగు దేవాంగ కుటుంబంలో పుట్టి, మగ్గాలు నడిపి, సుమారు నలభై ఏళ్లు కార్పొరేషన్ సభ్యులుగా ఉన్న ఈ పెద్దమనిషి, 1920 ఎన్నికల్లో ఆయన నాయకత్వం వహించిన బ్రాహ్మణేతరుల పక్షం జస్టిస్ పార్టీ గెలిచాక గవర్నర్ విల్లింగ్డన్ పిలిచి మద్రాసు రాష్ట్ర ప్రధాని పదవి (నేటి ముఖ్యమంత్రి పదవి వంటిది) ఇస్తానంటే వద్దన్నారు. ఆంగ్ల ప్రభుత్వంతో ఆ పార్టీ నడిపిన స్నేహం, సహాయ నిరాకరణపై చూపిన వ్యతిరేకత నాకూ మింగుడుపడవు. అంతమాత్రాన ఆయన చేసిన పనికి పేరే లేకుండా చేస్తారా? పట్టుచీరల కోసం టీ నగర్ వెళ్లివచ్చే మనవాళ్లలో ఆ పేట ఎవరి పేరున వెలిసిందో తెలిసినవారు ఎందరున్నారు? అరవవాళ్లు ఆయన విగ్రహాన్ని చెన్నై కార్పొరేషన్ కార్యాలయమైన రిప్పన్ బిల్డింగ్ ఆవరణలో నిలుపుకున్నారు. మనం మన పత్రికలో పేరు కూడా నిలపలేకపోయాం.

మన పట్టణాల్లో నేడు మునిసిపల్ అధ్యక్షుడంటే రిబ్బన్ కత్తిరించే మనిషిగా మారిపోయాడు. అదైనా ఉంటే సంతోషమే. విశాఖ మహానగరపాలక సంస్థకు 2012లో పాలకవర్గం గడువు ముగిస్తే, మళ్లీ ఎన్నికలు జరిగింది 2021లో! అన్నేళ్లు ప్రత్యేకాధికారులే ఏలారు. కుళాయి రాలేదని అడగడానికి వార్డులో ఒక కార్పొరేటరు కూడా లేకపోయాడు. ఇక బడి భోజనానికి ప్రభుత్వం మారినప్పుడల్లా కొత్త పేరు పెట్టి బోర్డులకు రంగులు వేయించడంలో కనబరిచే చురుకుదనం, వంటచేసే ఆయాల బిల్లులు చెల్లించడంలో ఏనాడైనా కనిపించిందా?

సవరణ వేయదలిస్తే అదే ఆదివారం అనుబంధంలో, ఆ వ్యాసం వచ్చిన పేజీలోనే, పూర్తి పేరుతో వేయవలసిందిగా కోరుతున్నాను. ఎప్పటిలా క్లాసిఫైడ్ ప్రకటనల అడుగున మాత్రం వేయకండి.

ఇట్లు,
ఒక పాత చందాదారుడు,
విశాఖపట్నం